పుట్టినింటి నీడ – పునస్సమాగమము

(రామచంద్రపురమున మన సంఘ వార్షిక మహాసభయందు చదువబడిన ఉపన్యాసము)



విద్యార్థివేతనములను గూర్చియు, వసతిగృహమును గూర్చియు, సంఘనిధిని గూర్చియు నాకు ముందు పెద్దలు ప్రసంగించియున్నారు. నాకు నియమింపబడిన విషయము వానివలె పద్దుపుస్తకమున కెక్కునది కాదు. అది మన యిండ్లలో తలుపు చేరవేసికొని మెల్లగా మాటలాడుకొను విషయము. వివాహమై, కొంతకాలము కాపురము చేసి, విడివడి వచ్చి తల్లిదండ్రులయొద్ద నున్న యొక యీడువచ్చిన బిడ్డ, కొన్నాళ్లకు ఆ విడిచిన భర్తతోనో, ఆ విడిచిన భార్యతోనో మరల మాట కలిపినపుడు, ఆ యింటివారును, బంధువులును, సంఘమును ఏమి చేయవలెను? ఇదియే నేటి ప్రశ్న.

మన తాతలనాటి సభలలో పుట్టినింట నున్న ఆడుబిడ్డ యనగా బాలవితంతువే మనసునకు వచ్చెడిది. 1881 డిశెంబరు 11వ తేదిని రాజమహేంద్రవరమున వీరేశలింగము పంతులుగారు మొదటి వితంతువివాహము జరిపించినది అట్టి బిడ్డల కొరకే. 1929లో శాసనమై 1930 ఏప్రిలు 1వ తేదినుండి అమలునకు వచ్చిన శారదా చట్టము కూడ పసితనపు పెండ్లిండ్ల నరికట్టుటకే పుట్టినది. నేడు కథ మారినది. నేడు పుట్టినింట నున్నది చదువు ముగించి, ఉద్యోగము చేసికొనుచు, బడికి పోవు పిల్లవానిని వెంటబెట్టుకొని వచ్చిన ముప్పది యేండ్ల స్త్రీ. మగబిడ్డ సంగతియు నట్టిదే. భార్య వెడలిపోయిన పిమ్మట తల్లి వండిపెట్టగా తిని, ఎవరితోను మాటలాడక, మేడమీది గదిలో కాలము వెళ్లబుచ్చు కుమారులు మన వీధులలో లేకపోలేదు.

ఇట్టి బిడ్డల విషయమున మన పెద్దలు రెండు విధముల తొందరపడుదురు. కొందరు "ఎన్నాళ్లని యుంచుకొందుము? నలుగురిలో తల యెత్తుకొనుట యెట్లు?" అని నెల తిరుగకమునుపే బిడ్డను బండి యెక్కించి మెట్టినింటి గుమ్మమున దిగవిడిచి వత్తురు. మరికొందరు "ఆ గడప మరల త్రొక్కితివా, నీకును మాకును చెల్లు" అని యొట్లు పెట్టుదురు. మొదటివారికి పరువు ముఖ్యము. రెండవవారికి పంతము ముఖ్యము. బిడ్డ మనసు నడిగినవారు ఈ యిరుతెగలలోను లేరు. నేను మనవి చేయదలచినది ఒక్కటే. తిరిగి కలయుటయో, కలయకుండుటయో బిడ్డ తానై నిశ్చయించుకొనవలెను. అట్లు నిశ్చయించుకొనుటకు తరుము వారు లేని యొక నీడ కావలెను. ఆ నీడ నిచ్చుట పుట్టినింటి ధర్మము. ఆ ధర్మమును నిలుపుట సంఘధర్మము.

ఈ మాట మన యూరి పొలిమేరలలోనే పురాణరూపమున నున్నది. ఈ రామచంద్రపురమునకు సమీపముననే పంచారామములలో నొకటియు, శ్రీనాథ మహాకవి భీమేశ్వర పురాణమునకు ఆశ్రయమును అగు ద్రాక్షారామ క్షేత్రము వెలసియున్నది. దక్షుడు యజ్ఞము చేసిన తావు అదియేయని మన ఐతిహ్యము. ఆ యజ్ఞమునకు పిలువకపోయినను పుట్టినిల్లుగదా యని సతీదేవి వెళ్లినది. తండ్రి నిండుసభలో ఆమె పతిని నిందించెను. సభవారందరును వినుచు కూర్చుండిరి. పిమ్మట జరిగినది మన మెరుగుదుము. ఆ కథను భక్తితో విందుము గాని, అందలి గృహధర్మమును చూడము. అల్లుని దూషించు మామ తన కుమార్తె కూర్చున్న కొమ్మనే నరకుచున్నాడు. ఆమె వానితో కలహించి వచ్చియుండవచ్చును, వానిని నిందించుచుండవచ్చును, అయినను తన నోట వచ్చిన నింద వేరు, తండ్రి నోట వచ్చిన నింద వేరు. రేపు ఆమె మనసు మారి మరల కలయదలచినపుడు, తండ్రి యాడిన మాటయే గుమ్మమున కడ్డముగా పడియుండును. ఆ సతీదేవియే హిమవంతుని యింట పార్వతియై పుట్టి, తల్లి వలదనినను తండ్రి యనుమతితో తపమొనర్చి, తన పతిని తానే మరల పొందినదని పురాణములు చెప్పుచున్నవి. మొదటి తండ్రి యిల్లు అగ్నిగుండమైనది. రెండవ తండ్రి యిల్లు తపోవనమునకు దారి చూపినది. రెండును పుట్టిండ్లే.

ఇంతకంటెను స్పష్టమైన కథ దమయంతిది. అరణ్యపర్వములోని ఈ నలోపాఖ్యానమును నన్నయభట్టారకుడు 11వ శతాబ్దమున మన రాజమహేంద్రవరముననే తెనిగించెను. దానిని స్వయంవరమువరకు విని మనవారు పుస్తకము మూసివేయుదురు. అసలు పాఠము తరువాత నున్నది. జూదమున సర్వమును పోగొట్టుకొన్న భర్త, నిద్రించుచున్న భార్య నడవిలో విడిచిపోయినాడు. ఆమె యనేక కష్టములు పడి తుదకు విదర్భలో తల్లిదండ్రులయొద్దకు చేరినది. పిల్ల లిరువురిని కీడు శంకించి ముందుగనే సారథి వెంట అచ్చటికి పంపియుండెను. తండ్రి భీమరాజు ఆమెను నిష్ఠురము లాడలేదు. వేరొకని చేపట్టుమని బలవంతపెట్టలేదు. అల్లుని జాడ తెలిసికొనుటకు బ్రాహ్మణులను నలుదెసలకు పంపినాడు.

పిమ్మట ఆ యిల్లాలు చేసినది గమనింపుడు. బాహుకుడను మారుపేరుతో ఋతుపర్ణునియొద్ద నున్నవాడు నలుడేమోయని యనుమానము కలిగినపుడు, వానిని రప్పించుటకు రెండవ స్వయంవరమను నుపాయము పన్నినది. ఆ యుపాయమును తల్లికి మాత్రమే చెప్పి, తండ్రికి తెలియనీయవలదని కోరినది. బాహుకుడు వచ్చిన పిమ్మట నైనను పరుగెత్తి పోలేదు. కేశినిని పంపి వాని మాటను, నడవడిని పరీక్షింపజేసినది. పిల్లలను వానికడకు పంపి, వాని కన్నులు చెమర్చుట తెలిసికొన్నది. అటుపై తల్లిదండ్రుల యనుమతి గైకొని తన మందిరమునకు పిలిపించినది. పిలిపించి మొదట నడిగిన దేమి? నిదురించుచున్న ఇల్లాలిని అడవిలో విడిచిపోయిన ధర్మజ్ఞుని నెచ్చటనైన చూచితివా యని. అడుగవలసిన ప్రశ్న నడిగి, సమాధానము విని, పిదపనే చేయి చాచినది. వా రట్లు కలసికొన్నది నాలుగవ యేట. కలసిన మరునాడే నలు డామెను వెంటబెట్టుకొని పోలేదు. నెలదినములు మామగారింట నుండి, తాను ముందుగా నిషధకు పోయి, పోయిన రాజ్యమును చక్కబెట్టుకొని, తరువాతనే భార్యను పిల్లలను రప్పించుకొన్నాడు.

ఈ కథలో మన కెన్ని సూత్రములు! తండ్రి ఓర్పు, తల్లి రహస్యరక్షణ, బిడ్డ స్వయంనిర్ణయము, తొందరలేని పరీక్ష, దాచక యడిగిన ప్రశ్న, ముందు గృహము చక్కబెట్టి పిదప ఇల్లాలిని పిలుచుట. మన పెద్దమనుష్యుల తగవులలో ఈ యారింటిలో ఎన్ని నిలుచుచున్నవో ఎవరికివారు ఆలోచించుకొందురుగాక.

బలవంతమున కాపురము నిలుచునని నమ్మువారికి శతాబ్దముపైగా న్యాయస్థానముల చరిత్రయే జవాబు చెప్పుచున్నది. బొంబాయిలో రఖ్మాబాయి యను నామె 11 ఏండ్ల ప్రాయమున వివాహమై తల్లియొద్దను, మారుతండ్రియొద్దను పెరిగినది. 1884లో భర్త దావా వేసెను. 1887లో న్యాయస్థానము ఆమెను భర్తయింటికి పోవలసినదని తీర్పు చెప్పగా, పోవుటకంటె చెరసాలయే మేలని యామె బదులు చెప్పెను. 1888లో రాజీతో ఆ వ్యవహారము ముగిసినది. పిమ్మట ఆమె ఇంగ్లాండున వైద్యవిద్య నభ్యసించి, తిరిగివచ్చి స్త్రీలకు వైద్యము చేసెను.

రఖ్మాబాయి మీద నడిచిన ఆ దావాకు దాంపత్యహక్కుల పునరుద్ధరణ మని పేరు. అది మన ధర్మశాస్త్రములలోనిది కాదు. ఇంగ్లాండు మతన్యాయస్థానములనుండి యిచ్చటికి దిగుమతి యైనది. దానిని కన్న ఇంగ్లాండు 1970లో చట్టము చేసి తొలగించుకొన్నది. మనకు మాత్రము 1955 హిందూ వివాహ చట్టమున 9వ సెక్షనుగా నున్నది. ఈ సెక్షనుమీద మొదటి గొప్ప తీర్పు మన తెలుగునాటనే వచ్చినది. చలనచిత్ర నటి సరిత, మద్రాసున పాఠశాల విద్యార్థినిగా నున్న 16 ఏండ్ల ప్రాయమున, 1975 డిశెంబరులో తిరుపతియందు తన్ను వివాహమాడినదనియు, తనతో కాపురము చేయునట్లు ఉత్తరువీయవలెననియు ఒకరు కడప సబుకోర్టున అర్జీ పెట్టుకొనిరి. వ్యవహారము ఉన్నత న్యాయస్థానమునకు చేరెను. 1983 జూలై 1వ తేదిని న్యాయమూర్తి పి.ఎ. చౌదరిగారు, ఇష్టములేని స్త్రీని కాపురమునకు ఆజ్ఞాపించుట రాజ్యాంగము రక్షించు వ్యక్తిగౌరవమునకును, ఏకాంతమునకును విరుద్ధమని తీర్పు చెప్పి, ఆ సెక్షను చెల్లదనిరి. మరుసటి యేడు, 1984 ఆగస్టు 8వ తేదిని, సరోజరాణి వ్యాజ్యమున సుప్రీముకోర్టు ఆ యభిప్రాయమును త్రోసివేసి, వివాహము విచ్ఛిన్నము కాకుండ కాపాడుటకు ఆ సెక్షను ఉపకరించునని చెప్పి, దానిని నిలిపినది.

సెక్షను నిలిచినది సరే. అది చేయగలిగిన దేమి? డిక్రీ ధిక్కరించినవారి యాస్తిని జప్తు చేయవచ్చును. మనిషిని పట్టి తెచ్చి వంటయింట నిలుపజాలదు. పైగా డిక్రీ యైన పిమ్మట ఒక సంవత్సరము కాపురము సాగకున్నచో ఉభయులలో ఎవరైనను విడాకులు కోరవచ్చునని అదే చట్టము చెప్పుచున్నది. కలుపుటకని పుట్టిన డిక్రీ పెక్కుతావుల విడదీయుటకు మెట్టగుచున్నది. సర్కారు ముద్ర గల కాగితమే చేయలేని పనిని మన రచ్చబండ మీది బెదిరింపు చేయగలదా?

అదే చట్టము కొన్ని తలుపులు మాత్రము తెరచి యుంచినది. మనవారు వానిని తెలిసికొనుట మేలు. 1976లో చేర్చబడిన పరస్పరసమ్మతి విడాకుల సెక్షను ప్రకారము, ఏడాదియైనను విడిగా నున్న దంపతులు కలిసి అర్జీ పెట్టుకొనిన పిమ్మట ఆరు నెలలు గడువు ఉండును. ఆలోచించుకొనుటకే ఆ గడువు. అన్ని రాజీయత్నములును విఫలమై, మనోవర్తి, బిడ్డల సంగతులు తేలిపోయినచోట న్యాయస్థానము దానిని తగ్గింపవచ్చునని 2017లో సుప్రీముకోర్టు చెప్పినది. ఆ లోపల ఒకరి మనసు మారినను, డిక్రీ యగువరకు సమ్మతిని వెనుకకు తీసికొనవచ్చునని 1991లో అదే న్యాయస్థానము తీర్పు చెప్పియుండెను. విడాకులు లేక విడిగా నుండుటకు మాత్రమే డిక్రీ పొందినవారు మరల కలసినచో, దానిని రద్దుపరచుమని అడుగవచ్చును. విడాకులే అంతిమమైపోయినను ఆ యిరువురే తిరిగి వివాహమాడుటకు హిందూ వివాహ చట్టము అడ్డురాదు. కాని యిచ్చట నొక హెచ్చరిక. విడాకుల డిక్రీ యైన పిమ్మట ఒకయింట చేరినంతమాత్రమున పాతవివాహము తానై బ్రదుకదు. మరల పెండ్లి చేసికొని రిజిస్టరు చేయించుకొనవలెను. లేనిచో రేపు ఆస్తి సంగతిలోను, పింఛను సంగతిలోను ఆ స్త్రీకి నిలువ నీడ యుండదు.

నీడ యనుచున్నాను గనుక పుట్టినింట బిడ్డ కేమి హక్కు కలదో చెప్పవలెను. 1956 హిందూ వారసత్వ చట్టము 23వ సెక్షనున, తండ్రి పోయిన పిమ్మట కుటుంబము నివసించు ఇంటిలో కుమార్తెకు నివాసహక్కు కొందరికే యీయబడినది. పెండ్లికానిది, భర్త విడిచినది, భర్తనుండి విడివడినది, వితంతువు మాత్రమే ఆ యింట నుండవచ్చును. ఆ యింటిలో పంపకము కోరుటకు మాత్రము మగవారు పంచుకొను దాక వీలు లేదు. అనగా దిక్కులేనిదని తేలినప్పుడు మాత్రమే కప్పు క్రింద చోటు. 1985 సెప్టెంబరు 5వ తేదినుండి మన ఆంధ్రప్రదేశ్ సవరణచట్టము, అప్పటికి వివాహము కాని కుమార్తెకు ఉమ్మడి ఆస్తిలో కుమారునితో సమానమైన వంతు నిచ్చినది. 2005 సెప్టెంబరు 9వ తేదినుండి కేంద్రచట్టము పెండ్లియైనవారికిని ఆ హక్కు కల్పించి, 23వ సెక్షనును పూర్తిగా తొలగించినది. ఆ హక్కు పుట్టుకతోనే వచ్చునదనియు, 2005 నాటికి తండ్రి జీవించియుండవలెనను నియమము లేదనియు 2020 ఆగస్టు 11వ తేదిని సుప్రీముకోర్టు స్పష్టపరచినది.

దీనిని పంపకముల తగాదాగా వినవలదు. అన్నదమ్ముల దయమీద మూలగదిలో బ్రదుకు స్త్రీ "తిరిగి పోవుదును" అనినచో అది ఇష్టమో, గత్యంతరము లేమియో ఎవరు చెప్పగలరు? వదినగారి ముక్కువిరుపునకు తాళలేక పోయినవారెందరు లేరు! ఈ యిల్లు నాది కూడ, ఉండవచ్చును, పోవచ్చును అని యెరిగిన స్త్రీ నోట వచ్చిన "పోవుదును" అను మాటకే విలువ. కాబట్టి బిడ్డకు హక్కు నంగీకరించుట కాపురమును చెరుపునని భయపడువారితో నేను విన్నవించుకొనునది, నిజమైన పునస్సమాగమమునకు ఆ హక్కే పునాది యని.

ఇక ఒక కఠినమైన మాట. కలియుట అన్నివేళల మంగళము కాదు. కొట్టినవాడు, కట్నమునకై పీడించినవాడు, త్రాగి బిడ్డల యెదుట ఇల్లాలిని అవమానించినవాడు రెండు తీపిమాటలు సెల్‌ఫోనులో పంపినంతమాత్రమున మారినవాడు కాడు. అట్టివానియొద్దకు బిడ్డను పంపు తండ్రి ధర్మమును నిలుపుటలేదు. దమయంతి పరీక్షించినట్లు పరీక్షింపవలెను. మాటతోపాటు నడవడి ఎన్నినెలలు నిలిచినదో చూడవలెను. ప్రాణభయమున్నచో 2005 గృహహింస చట్టము రక్షణ నిచ్చును. స్త్రీలకు ఉచితముగా న్యాయసహాయము నిచ్చుటకు 1987 చట్టము క్రింద ఏర్పడిన న్యాయసేవాసంస్థలు కలవు.

మన కోనసీమకు ప్రత్యేకమగు సంగతి మరియొకటి కలదు. పొట్టకూటికై కువైటు, మస్కటు, దుబాయి దేశములకు పోవు స్త్రీపురుషులు ఈ సీమనుండి ఎందరో. పిల్లలను తాతమామ్మలయొద్ద విడిచి, ఏండ్ల తరబడి డబ్బు పంపి, తుదకు తిరిగివచ్చునప్పటికి దంపతులు పరాయివారైయుందురు. వచ్చినవారు ముందుగా చేరునది తల్లిదండ్రుల యిల్లే. ఆ రెండిండ్ల మధ్య పంపిన సొమ్ము లెక్క యెడతెగని తగవు. ఇట్టిచోట మొదట సొమ్ము లెక్క వేరుగా, పెద్దల యెదుట వ్రాతమూలకముగా తేల్చుకొని, మనసుల సంగతి ఆ యిరువురికే విడుచుట మేలు. రెంటిని ఒక కొలిమిలో వేసినచో రెండును కాలును.

కుమారుని తల్లిదండ్రులకును ఒక విన్నపము. కోడలు తిరిగి రాదలచినపుడు ఆమె చూచునది భర్త ముఖమును మాత్రమే కాదు. వాకిట కూర్చున్న మామగారిని, వంటయింటనున్న అత్తగారిని చూచును. "వచ్చితివా, కాళ్లు కడుగుకొనుము" అను నొక్కమాటకు ఎన్ని పంచాయితీలు సరితూగును? పాత సంగతులు తవ్వుట మానవలెను. వేరింటి కాపురము కోరినచో దానిని ద్రోహముగా నెంచక ఆలోచింపవలెను. ఒక గోడ అవతల నున్న ప్రేమ, ఒక కప్పు క్రింద నున్న ద్వేషముకంటె మేలు.

సంఘపెద్దలకు చెప్పవలసినది చెప్పి ముగింతును. యుక్తవయస్కుల వివాహవిషయమున కులపంచాయితీలు జోక్యము చేసికొని శాసించుట అక్రమమని 2018 మార్చి 27వ తేదిని సుప్రీముకోర్టు నిష్కర్షగా తీర్పు చెప్పినది. కాబట్టి జరిమానాలు, వెలివేతలు, బలవంతపు రాజీపత్రములు మన సంఘమున కూడవు. అడిగినపుడు వినుట, అడిగినంతమాత్రమే చెప్పుట, విన్నదానిని వీధిలో చెప్పకుండుట — పెద్దరిక మనగా నిదియే.

ఈ మహాసభవారి యాలోచనకు మూడు సూచనలు సమర్పించుచున్నాను. మొదటిది: విడివడి వచ్చిన బిడ్డను శుభకార్యములలో వెనుకకు నెట్టుటయు, పేరంటమునకు పిలువకుండుటయు మన యిండ్లలో మానవలెను. రెండవది: సంఘమున చదువుకొన్న స్త్రీలు ఇరువురు, ప్లీడరు ఒకరు చేరి, కోరినవారికి రహస్యముగా సలహా చెప్పు ఏర్పాటు చేయవలెను, అందు తీర్పులు చెప్పబడకూడదు. మూడవది: సంఘనిధినుండి కొంత ప్రత్యేకించి, పుట్టినింట నున్న స్త్రీల వృత్తివిద్యకును, వారి పిల్లల చదువునకును వినియోగింపవలెను. పోషకులైన మహనీయులు కల్యాణమండపమునకు ఉదారముగా విరాళము లిచ్చియున్నారు. పెండ్లి చేయుటకు మండపము కట్టిన చేతులు, పెండ్లి చీలినచోట ఒక నీడ వేయుటకు వెనుదీయవని నా నమ్మకము.

తలుపు మూయవలదు, బయటికి త్రోయవలదు. బిడ్డ తానై లేచి నడచునంతవరకు దీపము వెలిగించి యుంచిన చాలును.